మూడు నీళ్ళలో కడిగిన గరిక

కార్తీక మాసం, బుధవారం. ఆ పొద్దున్న సీతారామరావు వేసుకున్న పథకం చాలా చిన్నది. బూందిని పార్కు దాకా తిప్పి తీసుకురావాలి. స్నానం చేసి మాంగో పేటలోని బజారుకి వెళ్ళి కంద ఎక్కడ బాగుందో చూసుకోవాలి. మధ్యాహ్నం తీరిగ్గా కూర్చుని ఆదివారం వనభోజనాలకి ఏమేం వండించాలో రాసుకోవాలి. అంతే.

బూంది వాళ్ళ కుక్క. రెండేళ్ళ క్రితం కూతురు ప్రియ వానలో తడుస్తున్న పిల్లని ఒళ్ళో పెట్టుకుని తెచ్చింది. లడ్డూలోంచి రాలిన పలుకులా ఉందని ఆ పేరు పెట్టింది. మొదట్లో వద్దంటే వద్దన్న ఆయన భార్య శ్రీదేవి ఇప్పుడు దాన్ని రెండో కూతురని చెప్పుకుంటుంది. ఆ ఉదయమే ఆవిడ మోకాలి ఆపరేషనైన అక్కగారిని చూడటానికి బేగ్ సర్దుకుని ఆదిత్యపూర్ వెళ్ళింది. ఆటో ఎక్కుతూ భర్తకి ఒక్కటే మాట చెప్పింది: "నేను రేపు సాయంత్రానికి వచ్చీత్తాను. మీరు తిన్నా తినకపోయినా బూందిని మాత్రం జాగ్రత్తగా సూసుకోండి."

సీతారామరావు తల ఊపాడు.

ఆయన తల ఊపడం గురించి ఇక్కడ కొంత చెప్పాలి. ఆయన ముప్పై ఒక్క ఏళ్ళు కర్మాగారంలో ఓవర్‌హెడ్ క్రేన్ నడిపాడు. కప్పు కింద, మనుషులకి చాలా ఎత్తున, చిన్న గదిలో ఒక్కడే కూర్చునేవాడు. కింద ఎవరేం అరిచినా ఆ రొదలో పైకి వినిపించదు. కిందివాడు చెయ్యి ఊపితే పైన ఈయన తల ఊపాలి. మిగతా సమయమంతా ఆయనదే. ఆ సమయంలో ఆయన కలలు కనేవాడు. ఉద్యోగం వదిలి మూడేళ్ళయినా ఆయన ఇంకా పూర్తిగా కిందికి దిగలేదు. ఎదురుగా నిలబడి మాట్లాడినా మాటలు ఆయనకి దూరం నుంచి వచ్చినట్టు ఆలస్యంగా అందేవి. అందేలోపు ఆయన తల ఊపేసేవాడు.

ఈ ఏడు ఆయన కలలన్నీ తిండి గురించే. వాళ్ళుండే సోనారిలో నాలుగు వీధుల తెలుగు కుటుంబాలన్నీ కలిసి ఏటా డిమ్నా చెరువు దగ్గర వనభోజనాలు చేసుకుంటాయి. పదకొండేళ్ళుగా ఆ వంటల బాధ్యత అప్పలరాజుది. పదకొండేళ్ళుగా అవే పులిహోర, అదే బంగాళాదుంప కూర, అదే సేమ్యా పాయసం. ఈసారి మీటింగు రోజున అప్పలరాజు మనవణ్ణి చూడటానికి రూర్కెలా వెళ్ళడంతో, ఎదురుగా కనిపించిన సీతారామరావుకి ఆ బాధ్యత అప్పగించారు. ఆయన తల ఊపాడు. కానీ ఇంటికొచ్చాక ఆ సంగతి లోపలికి దిగి, రెండు రాత్రులు నిద్రపట్టలేదు. జీవితంలో మొదటిసారి రెండు వందల మంది తన ఎంపిక రుచి చూడబోతున్నారు. "మీమీ ఇళ్ళల్లో బాగా కుదిరే వంట ఏదైనా ఉంటే కొంచెం రుచికి పంపండి" అని ఆయన ఇంటింటికీ చెప్పాడు. వారమైనా ఎవరూ పంపలేదు.

పార్కు నిండా మంచు పరుచుకుని ఉంది. చెట్లు మొదళ్ళ దగ్గర మాయమై గాల్లో తేలుతున్నట్టున్నాయి. ఎక్కడో కర్మాగారం సైరను నీళ్ళలోంచి వచ్చినట్టు మెత్తగా మోగింది. బూంది తడి గడ్డి దగ్గర ఆగి, కళ్ళు సగం మూసుకుని, పక్క పళ్ళతో పరకలు కొరికి నములుతోంది. సీతారామరావు కళ్ళు కూడా సగం మూతపడ్డాయి. కంద ముక్కలు ఉడుకుతున్నాయి, బచ్చలి ఆకు వాడుతోంది, చివర్న నూరిన ఆవ పడుతోంది...

"ఏటి బాబూ, కుక్క గడ్డి మేత్తంది? ఇంట్లో కూడెట్టడం నేదేటి?"

పూలసజ్జతో దాలమ్మ నిలబడి ఉంది. వీధికంతటికీ పెద్దది. ఎవరింట్లో పొయ్యి ఏ వేళకి వెలిగిందో ఆవిడకి తెలుసు. సీతారామరావుకి ఆ మాటల్లో 'కూడు' అన్నది ఒక్కటే అందింది. ఆయన కార్తీక నక్తాలు చేస్తున్నాడు.

"ఒంటిపూటే పిన్నీ. సుక్కలు కనపడ్డాకే ఇంత తినడం. నెల్లాళ్ళూ ఇలగే."

"ఇంటిల్లిపాదీనా?"

ఆయన తల ఊపాడు.

"మరి శ్రీదేవేదీ?"

"బేగ్ పట్టుకుని అక్కగారింటికి ఎల్లిపోయింది."

"ఎప్పుడొత్తాది?"

అప్పటికి ఆయన ఆవ దగ్గరే ఉన్నాడు. మంచులోకి చూస్తూ, "రావాలి కదా పిన్నీ" అన్నాడు.

సరిగ్గా అప్పుడే బూంది ఒళ్ళంతా కుదుపుతూ ఇంత పసుపు నురుగూ నాలుగు గడ్డిపరకలూ కక్కింది. దాలమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. కార్తీక ఉపవాసాల గురించి ఆవిడకి ఒకరు చెప్పనక్కర్లేదు. కానీ దారి పొడవునా ఒకటే ఆలోచన. ఇంట్లో తిండి లేక మనిషి పరువు కోసం ఉపాసమంటాడు సరే, కుక్కకి కార్తీక మాసమేమిటి?

సీతారామరావు మాత్రం ఒక్కసారిగా నేలమీదికి దిగాడు. రెండో కూతురికి ఏదైనా అయితే శ్రీదేవికి ఏం చెప్పాలి? బిష్టుపూర్‌లో ఆఫీసుకి చేరిన ప్రియకి ఫోను చేశాడు.

"అమ్మలూ, బూంది గడ్డి తినీసి కక్కీసింది!"

"పాపా, టెన్షన్ మత్ లో. డాక్టర్ కా నంబర్ భేజ్ రహీ హూ." ప్రియ హిందీలోనే ధైర్యం చెప్పి, పశువుల డాక్టరు నంబరు పంపింది.

పశువైద్యుడు నిదానంగా విన్నాడు. కుక్కలు గడ్డి తినడం మామూలేనని, ఆకలేసే తింటున్నాయని అనుకోవద్దని, ఒకసారి కక్కినంత మాత్రాన కంగారు లేదని చెప్పాడు. మళ్ళీ మళ్ళీ కక్కినా, తిండి మానేసినా, నీరసంగా పడుకున్నా మాత్రం వెంటనే తీసుకురమ్మన్నాడు. పురుగుల మందు వేళకి వేయిస్తున్నారా అని అడిగాడు. గన్నేరు లాంటి మొక్కల దగ్గరికి పోనివ్వద్దన్నాడు. చివరికి, "గడ్డి మీద ఏ మందూ కొట్టి ఉండకూడదు. అది చూసుకోండి, చాలు" అన్నాడు.

సీతారామరావు పార్కు తోటమాలి దగ్గరికి పరిగెత్తాడు. ఇవాళ కొట్టలేదట. రేపు పొద్దున్న కలుపుమందు కొడతారట. అంటే రేపటి నుంచి బూందికి ఈ పార్కు లేదు. కంద సంగతి పక్కకి పోయి, శుభ్రమైన గడ్డి అన్న మాట ఆయన తలలో పచ్చగా మొలిచి పెరగసాగింది.

దీపాలవేళకి తలుపు చప్పుడైంది. దాలమ్మ. చేతిలో స్టీలు కేరియరు. పై గిన్నెలో ముద్దపప్పు, కింద గిన్నెలో గుమ్మడికాయ పులుసు.

"ఏటీ అనుకోకు బాబూ. మనోల్లకి మనం కాకపోతే ఎవులు?"

సీతారామరావు కళ్ళు మెరిశాయి. వారం రోజులుగా ఎదురుచూస్తున్నవి రానే వచ్చాయి. ఆకాశంలో చుక్క ఉందో లేదో చూసుకుని, గుమ్మంలోనే చెంచాడు పులుసు నోట్లో వేసుకుని కళ్ళు మూసుకున్నాడు. దాలమ్మకి ఆ ఆత్రం చూసి గుండె తరుక్కుపోయింది.

"బెల్లం సరిపోయింది పిన్నీ. ఉప్పే ఒక పిసరు తగ్గింది" అని, ఆయన నోటు పుస్తకం తీసి 'దాలమ్మ పిన్ని, పులుసు, పదికి ఏడు' అని రాసుకున్నాడు. చదువు రాని దాలమ్మ అదేమిటో అడగలేదు. పెట్టినవాళ్ళ పేర్లు మరిచిపోకూడదని రాసుకుంటున్నాడు కాబోలు, ఎంత మర్యాద గల మనిషి అనుకుంది.

ఆ వెనకే, దాలమ్మ చెప్పిన మాట విని ఇంకో ఇంటి నుంచి నువ్వులన్నం, మరో ఇంటి నుంచి వంకాయ మెంతికూర వచ్చాయి. చివర్న అప్పలరాజు భార్య పద్మకుమారి మూత పెట్టిన గిన్నె తెచ్చింది. కంద బచ్చలి! సీతారామరావు పొద్దుటి నుంచి కలగంటున్నది నడుచుకుంటూ గుమ్మంలోకి వచ్చినట్టయింది. ఒక ముక్క నమిలాడు. మరో ముక్క నమిలాడు. మెల్లగా తల అడ్డంగా ఊపాడు.

"సెల్లెమ్మా, కంద బాగా ఉడికింది. ఆవే తక్కువైంది. రేపు మల్లీ సేసి పట్రా."

పద్మకుమారి ఇంటికి వెళ్ళింది. వెళ్తూనే భర్తతో అంది: "తిండికి లేని మనిషండీ. ఆవ తక్కువైందంట. మల్లీ వండి తెమ్మన్నాడు."

అప్పలరాజు గంభీరంగా గోడకేసి చూశాడు. ఆయనకి నిజంగానే జాలి వేసింది. ఆ జాలి పక్కనే, సొంత ఇంట్లో తిండి లేని మనిషి రెండు వందల మందికి వంటేం చేయిస్తాడన్న ఆలోచన కూడా వచ్చి కూర్చుంది. రెండిట్లో ఏది ముందు వచ్చిందో ఆయన తరచి చూసుకోలేదు.

గురువారం తెల్లవారకముందే సీతారామరావు ఒక గుడ్డసంచి పట్టుకుని నది ఒడ్డుకి వెళ్ళాడు. సువర్ణరేఖ మీద పొగలా మంచు లేస్తోంది. అవతలి ఒడ్డు లేదు. నీళ్ళు కూడా ఉన్నాయో లేదో తెలియడం లేదు, చప్పుడు మాత్రం ఉంది. రోడ్డుకి దూరంగా, మురుగు తగలని ఎత్తు మీద, ఎవరూ మందు కొట్టే అవకాశం లేని చోట గరిక దుబ్బులు దుబ్బులుగా ఉంది. ఆయన గొంతుక్కూర్చుని ఒక్కొక్క లేత కొస గిల్లసాగాడు. ప్రతి దుబ్బులోంచీ ఒక పరక నోట్లో వేసుకుని, మందు వాసన వస్తోందేమోనని నమిలి చూసి ఉమ్మేస్తున్నాడు. కొంతసేపటికి తనెవరో, ఎందుకొచ్చాడో కూడా మరిచిపోయి, వేళ్ళ మధ్య చల్లగా తెగుతున్న గరిక చప్పుడు వింటూ ఉండిపోయాడు. ముప్పై ఒక్క ఏళ్ళు ఇనుము ఎత్తిన చేతులకి గరిక పరక ఎంత తేలిగ్గా ఉందో!

"ఏటి బావా, ఇక్కడేటి సేత్తన్నావు?"

మార్నింగ్ వాక్‌కి వచ్చిన అప్పలరాజు మఫ్లరు సర్దుకుంటూ మంచులోంచి బయటపడ్డాడు.

"గరిక బావా. లేతది సూసి కోత్తన్నాను."

"పూజకా?"

"పూజకి కాదు, తినడానికి." సీతారామరావు నోట్లో పరక ఆ పక్కనుంచి ఈ పక్కకి మారింది. "పార్కులోది ఇయ్యాల మందు కొట్టీత్తన్నారు. ఇంట్లోవాళ్ళకి అది పెట్టలేం కదా."

అప్పలరాజు నిలబడ్డచోటే బిగుసుకుపోయాడు. "ఇంట్లో... తింతన్నారా?"

"ఇష్టంగా తింతాది. నిన్న తినీసి పచ్చగా కక్కీసింది. నాకు కాళ్ళూ సేతులూ ఆడలేదు. డాక్టరేమో ఫరవాలేదు, శుభ్రమైనది పెట్టండి అన్నాడు."

తెలుగులో 'తింటుంది', 'కక్కింది' అనే మాటలు భార్యకీ కూతురికీ కుక్కకీ ఒకే రకంగా సరిపోతాయి. అప్పలరాజు ఒకడుగు దగ్గరికి జరిగి, "శ్రీదేవమ్మ గురించేనా బావా నువ్వనేది?" అని అడిగాడు. ఆ క్షణానే సోనారి విమానాల మైదానం నుంచి చిన్న విమానమొకటి లేచి, మంచుని చీల్చుకుంటూ వాళ్ళ నెత్తి మీదుగా పోయింది. అప్పలరాజు పెదాలు కదలడం మాత్రం సీతారామరావుకి కనిపించింది. పాత అలవాటు ప్రకారం ఆయన తల ఊపాడు.

తొమ్మిది గంటలకల్లా సంఘం పెద్దలు అప్పలరాజు ఇంట్లో చేరారు. పన్నెండుకల్లా వార్త నాలుగు వీధులూ చుట్టింది. సీతారామరావు ఇంట్లో గడ్డి తింటున్నారు. శ్రీదేవికి అది కూడా ఇమడక అక్కగారింటికి వెళ్ళిపోయింది. పిల్ల ప్రియ పైకి నవ్వుతూ ఉద్యోగానికి పోతోంది. ఎలాంటి కుటుంబం, ఎలా అయిపోయింది! ప్రియకి ఫోను చేసి కనుక్కుంటే సరిపోతుందని ఎవరో అన్నారు. ఆడపిల్లని అలాంటి మాట ఎలా అడుగుతామని దాలమ్మ కసిరింది. మనిషి సిగ్గుపడకుండా సాయం చెయ్యాలని, వనభోజనాల భారం మాత్రం మళ్ళీ అప్పలరాజు ఎత్తుకోవాలని తీర్మానమైంది.

ఈలోగా సీతారామరావు గరికని మొదటి నీళ్ళలో కడిగి మట్టి పోగొట్టాడు. రెండో నీళ్ళలో ఉప్పు వేసి నానబెట్టాడు. మూడో నీళ్ళలో మళ్ళీ కడిగి, తెల్ల పంచె మీద ఆరబోసి, ముదురు పరకలు ఏరేశాడు. సాయంత్రం స్టీలు పళ్ళెంలో సర్ది హాలు మధ్యలో పెట్టి, "బూందీ" అని పిలిచాడు. నిన్నటి నురుగు సంగతి ఎప్పుడో మరిచిపోయి, పూట పూటకీ అన్నం ఖాళీ చేస్తున్న బూంది మంచం కింద హాయిగా నిద్రపోతోంది. లేవలేదు.

తలుపు తట్టిన చప్పుడైంది.

గుమ్మం నిండా మనుషులు. అప్పలరాజు, పద్మకుమారి, దాలమ్మ, వెనక ఇద్దరు పెద్దలు, వాళ్ళిద్దరి మధ్యా ఒక బియ్యం బస్తా. వనభోజనాలకి సరుకులు అప్పుడే వచ్చేశాయనుకుని సీతారామరావు పొంగిపోయాడు.

"రండి రండి! బస్తా అక్కడ దించండి. సెల్లెమ్మా, కంద బచ్చలి మల్లీ సేసినావా?"

పద్మకుమారి పమిట చెంగుతో మూతి తుడుచుకుంది. అందరి చూపూ హాలు మధ్యలో ఉన్న పళ్ళెం మీదికి పోయింది. పచ్చగా, శుభ్రంగా, ఒకే కొలతలో గిల్లిన గరిక. దాలమ్మకి దుఃఖం ఆగలేదు.

"ఈ వయిసులో గడ్డేటి నాయినా! నాను బతికుండగా నా ఈదిలో ఇలగేటి!"

అప్పలరాజు ఆయన భుజం మీద చెయ్యి వేశాడు. "బావా, ఏటీ అనుకోకు. వనభోజనాల బరువు నీకిప్పుడెందుకు? ఈ ఏడు కూడా నేనే మోత్తాను."

సీతారామరావు ముఖంలో దీపం ఆరింది. ఈ మాట మాత్రం ఆలస్యం కాకుండా, సూటిగా వచ్చి లోపల తగిలింది. ఆయన నోటు పుస్తకాన్ని రెండు చేతులతో గుండెకి ఆనించుకున్నాడు. "ఎందుకు బావా? ఆవ తక్కువైందన్నాననా? నిజమే సెప్పినాను కదా. అంతా ఇలగ పంపితేనే కదా నాకు తెలిసేది, ఏది పెట్టాలో. సూడు, అందరికీ మార్కులు కూడా వేసినాను."

"మార్కులేటి?" అంది పద్మకుమారి.

ఆవిడ పుస్తకం అందుకుని మొదటి పేజీ చదువుతుండగానే వాకిట్లో ఆటో ఆగింది. బేగ్‌తో దిగిన శ్రీదేవికి గుమ్మంలో చెప్పులు, లోపల జనం, నేలమీద బియ్యం బస్తా, ఏడుస్తున్న దాలమ్మ కనిపించారు. ఆవిడ బేగ్ అక్కడే వదిలేసింది.

"ఓలమ్మో! ఎవరికేటయింది? ఆయనేరీ?"

"నేనిక్కడే ఉన్నాను" అన్నాడు సీతారామరావు బలహీనంగా.

"అయితే బూంది... బూందేదండీ?"

ఆ గొంతు వినగానే మంచం కింద నుంచి బూంది తోక ఊపుకుంటూ వచ్చింది. శ్రీదేవి కాళ్ళ చుట్టూ రెండుసార్లు తిరిగి, పళ్ళెం దగ్గర ఆగి, గరికని వాసన చూసి ఒక తుమ్ము తుమ్మింది. తర్వాత అప్పలరాజు చెప్పులున్న వైపు నడిచింది.

"ఏటి, తినవా?" సీతారామరావు పళ్ళెం ఎత్తుకుని దాని వెనకే వెళ్ళాడు. "డాక్టరు శుభ్రమైనదే పెట్టమన్నాడమ్మా. నీకోసమే కదా నదీ ఒడ్డు దాకా ఎల్లి తెచ్చినాను. మూడు నీళ్ళు కడిగినాను."

అందరూ పళ్ళేన్నీ బూందినీ మార్చి మార్చి చూశారు. మంచు విడిపోయినట్టు ఒక్కొక్కరి ముఖం మెల్లగా తేటపడింది.

"అయితే గడ్డి..." అన్నాడు అప్పలరాజు.

"బూందికి."

"ఒంటిపూట?" అంది దాలమ్మ.

"నా నక్తాలు పిన్నీ."

"కక్కింది శ్రీదేవమ్మ కాదా?" అన్నాడు అప్పలరాజు మళ్ళీ.

"నేనెందుకు కక్కుతాను?" అంది శ్రీదేవి, నడుమ్మీద చెయ్యి వేసుకుని.

ముందు నవ్వింది పద్మకుమారి. నోటు పుస్తకంలో 'కంద బచ్చలి, పదికి తొమ్మిది, ఆవ పడితే పదకొండు' అని ఉంది. ఆవిడ దాన్ని పైకి చదివేసరికి నవ్వు అందరికీ అంటుకుంది. బస్తా మోసిన పెద్దలిద్దరూ దాని మీదే కూలబడి నవ్వారు. సీతారామరావు మాత్రం నవ్వలేదు. పళ్ళెం పట్టుకుని, తన వనభోజనాలు తనవేనా కావా అన్నట్టు అప్పలరాజు కేసి చూస్తున్నాడు.

అప్పలరాజు గొంతు సవరించుకున్నాడు. "ఎలగూ తీర్మానం అయిపోయింది కాబట్టి..."

"నీ తీర్మానం నువ్వే దాసుకో" అంది దాలమ్మ, కళ్ళు తుడుచుకుంటూ. "కుక్కకెట్టే గడ్డిని మూడు నీల్లు కడిగినాడు. మనం తినే వంకాయల్ని ఎన్ని నీల్లు కడుగుతాడో! పదకొండేల్లు నీ పులిహోరలో రాల్లు నమిలినాను. ఈడే ఉంతాడు."

వీధి పెద్ద మాటకి ఎదురు లేదు. పైగా పద్మకుమారి కూడా దాలమ్మ పక్కనే నిలబడింది.

ఆదివారం డిమ్నా చెరువు నీళ్ళలో దల్మా కొండలు తలకిందులుగా కదలకుండా నిలబడి ఉన్నాయి. ఉసిరిచెట్టు నీడలో రెండు వందల ఆకులు పరిచారు. గుమ్మడికాయ పులుసు, నువ్వులన్నం, వంకాయ మెంతికూర, ఆవ సరిగ్గా పడిన కంద బచ్చలి... అన్నీ జాలితో పుట్టిన వంటలే. కంద ముక్కలు కోసింది అప్పలరాజు. చేతులు దురద పెట్టినా, రెండోసారి వడ్డించుకున్నాక బాగుందని ఒప్పుకున్నాడు. సీతారామరావు పంక్తుల మధ్య నడుస్తూ, ఒక్కొక్కరు మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని కళ్ళు మూసుకోవడం చూశాడు. ఇన్నేళ్ళూ పైనుంచి చిన్నగా కనిపించిన మనుషులు ఇంత దగ్గరగా, ఇంత పెద్దగా ఉంటారని ఆయనకి అప్పుడే తెలిసింది. ఎవరు పిలిచినా పలికాడు. ఆ రోజంతా ఒక్క మాట కూడా ఆలస్యంగా అందలేదు.

సోమవారం పొద్దున్న ఆయన ఆ తీపి తలపుల్లోనే కుర్చీలో కూర్చుని టీ తాగుతుంటే, శ్రీదేవి వచ్చి ఎదురుగా నాలుగు తోటకూర కట్టలు పెట్టింది.

"ఇరవై తొమ్మిదేళ్ళ కాపురంలో నాకు ఒక్క కట్ట కడిగిచ్చినారేటండి మీరు? ఇక మీదట మీరే కడుగుతారా?"

సీతారామరావుకి ఏమీ వినిపించలేదు. అలవాటు ప్రకారం తల ఊపాడు.

ఆ ఇంట్లో ఇప్పుడు ఆకుకూరలన్నీ మూడు నీళ్ళలో కడుగుతున్నారు. కడిగేది ఎవరో చెప్పనక్కర్లేదు.